పెద్దల యొద్ద కూర్చుండిన కెమెరా

(ధ్యాన భాగములు: ద్వితీయోపదేశకాండము 32:7, 2 సమూయేలు 19:31–39, ఆదికాండము 9:20–23)



మోషే తన 120వ యేట, యొర్దానుకు ఇవతలనే తన ప్రయాణము ముగియనున్నదని యెరిగి, ఇశ్రాయేలీయులకు ఒక కీర్తన నేర్పెను. అందులో ఆయన యౌవనస్థుల కిచ్చిన ఆజ్ఞ యొకటి గమనింపదగినది. గడచిన దినములను గూర్చి తండ్రిని విచారింపుమనియు, పెద్దలను విచారింపుమనియు ఆయన చెప్పుచున్నాడు. చూడుడి, భారమంతయు అడుగువాని మీద నున్నది. మన యిండ్లలో దీనికి తలక్రిందుగా జరుగుచుండును. తాతగారు చెప్పినదే చెప్పుచున్నారని పిల్లలు విసుగుకొందురు. కొన్నాళ్లకు ఆయనయే చెప్పుట మానివేయును. ఇల్లు నిమ్మళమైనదని అందరును అనుకొందురు. ఆయన మానినది చెప్పుటకు మాటలు లేకకాదు, అడుగువారు లేక.

ఈ నెల ఈ వాక్యమును ధ్యానించుటకు మాకు కారణమైనవి కొన్ని డాక్యుమెంటరీ చిత్రములు. డాక్యుమెంటరీ యనగా వేషగాండ్రు లేని చిత్రము. ఉన్న మనుష్యులను ఉన్నచోటనే, వారి నోటి మాటతోనే చూపుదురు. గత యిరువది సంవత్సరములుగా పెక్కు దేశములలో కొందరు దర్శకులు తమ కెమెరాలను ముసలివారి యిండ్లకు మోసికొనిపోయి, నెలల తరబడి వారి యొద్ద కూర్చుండిరి. సంఘపత్రికకు సినిమాతో నేమి పని యని కొందరు అడుగవచ్చును. ఆ దర్శకుల విశ్వాస మేదియో మేము విచారింపలేదు. వారు అడుగుచున్నారు, అడిగి కదలక కూర్చుండుచున్నారు. అంతమట్టుకు మోషే చెప్పిన పని వారి చేత జరుగుచున్నది. అది యెట్లు జరుగుచున్నదో చూచుట మనకు మేలు.

మొదట దక్షిణ కొరియాకు పోవుదము. ఆ దేశములో గాంగ్‌వన్ రాష్ట్రపు పల్లెసీమలో, ఏటి యొడ్డున ఒక చిన్న యింట వృద్ధ దంపతులుండిరి. భర్తకు 98 ఏండ్లు, భార్యకు 89. పెండ్లియై 76 సంవత్సరములు. జిన్ మో-యంగ్ అను దర్శకుడు 15 నెలలు వారితో గడిపి తీసిన చిత్రము 2014లో వెలువడినది. ప్రియుడా, ఆ యేరు దాటిపోకుము అని దాని పేరునకు మన భాషలో అర్థము చెప్పుకొనవచ్చును. అందులో ఘనకార్యము లేమియు లేవు. వాకిలి ఊడ్చుచు ఆ ముసలివారు ఒకరి మీద నొకరు రాలిన ఆకులు చల్లుకొందురు. రాత్రివేళ బయటి దొడ్డికి పోవుటకు ఆమెకు భయము. ఆయనను తలుపు బయట నిలువబెట్టి పాట పాడుమనును. ఆయన చలిలో నిలిచి పాడును. ఇంతే.

అయితే ఆ చిత్రములో ఒక సంగతి యున్నది. ఆ తల్లి పండ్రెండు మందిని కనినది. వారిలో ఆరుగురు చిన్నతనమందే చనిపోయిరి. తొంబది యేండ్లు సమీపించిన ఆమె అంగడికి పోయి ఆరుగురు పసిపిల్లలకు సరిపోవు లోబట్టలు కొనుచున్నది. ఆ దినములలో బీదతనము చేత వారికి మంచి బట్ట తొడుగలేకపోయినదట. మనలో ఎవరు ముందు పోయిన వారు ఈ బట్టలు పిల్లలకు తీసికొనిపోవలెనని ఆమె భర్తతో ఒప్పందము చేసికొనుచున్నది. వారి ఆచారము మన ఆచారము కాదు, పరలోకమును గూర్చి మన నిరీక్షణ వేరు. కాని డెబ్బది యేండ్ల క్రిందటి దుఃఖము ఒక తల్లి కడుపులో చల్లారక కూర్చున్నదని ఆ అంగడి దృశ్యము చూపినట్లు మేము వ్రాసి చూపలేము. రాహేలు ఓదార్పు పొందనొల్లకపోయెనని ప్రవక్త చెప్పినదానిని అనేకమారులు చదివియున్నాము. ఓదార్పు పొందనొల్లని స్త్రీ పైకి ఎట్లుండును? నవ్వుచు, ఆకులు చల్లుకొనుచు ఉండును. మన సంఘములోను అట్టి తల్లులున్నారు. వారి పిల్లల పేర్లు ఎవరైన అడుగుచున్నారా?

ఆ చిత్రములోనే అవ్వ పుట్టినరోజు పండుగ యొకటి యున్నది. పిల్లలు, మనుమలు అందరు కూడివచ్చిరి. భోజనముల మధ్య తల్లిదండ్రులను ఎవరు సరిగా చూచుచున్నారను మాట మీద పెద్ద కుమారునికిని ఒక కుమార్తెకును జగడము పుట్టినది. ముసలివారిద్దరు అక్కడనే కూర్చుండి వినుచుండిరి. కెమెరా వారి ముఖములను చూపినది. ఈ దృశ్యమునకు వ్యాఖ్యానము అక్కరలేదు. మన వీధులలో దీనిని చూడనివారు అరుదు. కొరియాలో 48 లక్షల మంది ఆ చిత్రమును చూచిరి. వారిలో యౌవనస్థులు అనేకులు.

ఇప్పుడు అమెరికా దేశపు సంగతి. ఇది కొంచెము నిదానించి చెప్పవలసినది.

హెర్బర్ట్ ఫింగరెట్ అను తత్త్వవేత్త కాలిఫోర్నియా విశ్వవిద్యాలయములో, శాంటా బార్బరా పట్టణమున, అనేక సంవత్సరములు ఉపాధ్యాయుడుగా నుండెను. 1996లో ఆయన మరణమును గూర్చి ఒక గ్రంథము వ్రాసెను. చనిపోయినవానికి బాధయుండదు, నష్టమును తెలిసికొనువాడే ఉండడు, కాబట్టి తన మరణమునకు ఎవడును భయపడుటకు హేతువు లేదని అందులో వాదించెను. అప్పటికి ఆయనకు డెబ్బది దాటి నాలుగైదు సంవత్సరములు. తరువాత 2011లో ఆయన భార్య కాలము చేసెను. 97 ఏండ్ల వయస్సులో ఆయన ఒంటరిగా, పనివారి సహాయముతో ఇంట నుండగా, ఆయన మనుమడు ఆండ్రూ హాస్ కెమెరా తీసికొని యొద్దకు వచ్చెను. తీసినది పదునెనిమిది నిమిషముల చిన్న చిత్రము. ఫింగరెట్ 2018లో చనిపోయెను. చిత్రము 2020లో లోకమునకు తెలిసినది.

ఆ చిత్రములో ఆ పండితుడు చెప్పిన దేమనగా, తాను వ్రాసినది ఇప్పుడు తనకు చాలుట లేదు. మరణమునకు భయపడుటకు హేతువు లేదని బుద్ధికి తెలియును. అయినను భయము పోలేదు. ఇదంతయు ఎందుకు అని తన్నుతాను అడుగుకొనుచున్నాడు, తృప్తికరమైన ఉత్తరము దొరకలేదని ఒప్పుకొనుచున్నాడు. ఒక చోట ఆయన తన పెరటి చెట్లు గాలికి కదలుచుండగా చూచుచు కన్నీరు విడుచును. అన్ని యేండ్లు ఆ చెట్లు అక్కడనే ఉన్నవి, తాను మాత్రము వాటిని నిజముగా చూడలేదని ఆయన వ్యథ. మరియొక చోట భార్యతో కలిసి వినిన సంగీతమును మరల వినుచు ఏడ్చుచున్నాడు.

మన బోధకులలో ఒకరు ఈ చిత్రము చూచినయెడల ఏమి చేయుదురో మేము ఊహింపగలము. ఇదిగో, నిరీక్షణ లేనివాని గతి చూడుడి యని ప్రసంగములో దృష్టాంతముగా వాడుకొందురు. అది తగదని మా తలంపు. ఆ వృద్ధుడు తొంబదియేడవ యేట, తన మనుమని యెదుట, తన గ్రంథము మీద తానే సాక్ష్యము చెప్పెను. పేరు పొందినవాడు, ఉన్న పేరుతోనే పోవచ్చును. ఎవరును ఆయనను బలవంతపెట్టలేదు. మంచముమీద నున్న మన విశ్వాసులలో ఎంతమందికి ఇంత స్వేచ్ఛ యున్నది? భయముగానున్నదని సంఘపు పెద్ద యొకడు చెప్పినయెడల, మనము వెంటనే ఒక వచనము చదివి ఆయన నోరు మూయింతుము. ఆ కన్నీటికి మన వాక్యమును అంత తొందరగా అతికింపవలసిన పని లేదు. మనుమడు అతికింపలేదు. పాట ముగియువరకు కెమెరాను అక్కడనే నిలిపెను.

ముసలివారి జ్ఞానము అనగానే మనము సామెతలను ఎదురుచూతుము. నాలుగు ముక్కలలో చెప్పి, ఇంటికి తీసికొనిపోదగిన మాట ఏదైన దొరకునేమో అని. వయస్సు వచ్చినంతమాత్రమున జ్ఞానము రాదని యోబు గ్రంథములో ఎలీహు అనిన మాట సత్యమే (యోబు 32:9). ముసలివారిని దేవతలుగా చేయుటయు వారిని తప్పించుకొనుటకు ఒక ఉపాయమే. వారిని పీఠముమీద పెట్టి దండ వేసిన తరువాత వారితో మాటలాడ నక్కరలేదు గదా!

గిలాదీయుడైన బర్జిల్లయిని తలంచుడి. అబ్షాలోము తిరుగబడినప్పుడు దావీదునకు మహనయీములో భోజనపదార్థములు పంపి పోషించినవాడు ఈయనయే. రాజు తిరిగి పోవుచు, యెరూషలేమునకు రమ్ము, నా యొద్ద నిన్ను పోషింతునని పిలిచెను. ఆయనకు 80 ఏండ్లు. ఆయన రాజునకు ఇచ్చిన ఉత్తరములో సామెత యొక్కటియు లేదు. తినినదాని రుచియు త్రాగినదాని రుచియు తనకు తెలియుట లేదనెను. గాయకుల స్వరము వినబడుట లేదనెను. రాజునకు తాను భారమగుదుననెను. తన ఊరిలో తలిదండ్రుల సమాధి దగ్గర చనిపోనిమ్మనెను. తన బదులు కింహామును తీసికొనిపొమ్మని అడిగెను. ఇది యొక వృద్ధుడు తన దేహస్థితిని గూర్చి ఇచ్చిన ఉన్నదున్నట్టి లెక్క. లేఖనము దీనిని దిద్దలేదు, పొడిగింపలేదు, దాని క్రింద నీతి వ్రాయలేదు. రాజు ఆయనను ముద్దుపెట్టుకొని దీవించి పంపివేసెను. కెమెరాలు లేని దినములలో ఇంతకంటె మంచి డాక్యుమెంటరీ మేము ఎరుగము.

చిలీ దేశములో మైతే అల్బెర్ది అను స్త్రీ తీసిన చిత్రము 2020లో వచ్చినది. మరుసటి యేట అది ఆస్కారు బహుమానమునకు పేర్కొనబడిన డాక్యుమెంటరీలలో నొకటి. దాని కథ విచిత్రముగా నుండును. ఒక వృద్ధాశ్రమములో తన తల్లిని సరిగా చూచుట లేదేమో, వస్తువులు దొంగిలించుచున్నారేమో అని అనుమానించిన ఒక కుమార్తె అపరాధ పరిశోధకుని కుదుర్చుకొనెను. ఆ పరిశోధకుడు 80 నుండి 90 ఏండ్ల లోపు మనిషి కావలెనని ప్రకటన వేయగా, ఈమధ్యనే భార్యను పోగొట్టుకొనిన 83 ఏండ్ల వృద్ధుడొకడు ఆ ఉద్యోగమునకు కుదిరెను. ఆయనకు ఫోను వాడుట నేర్పిరి, కెమెరా దాచిన కలము ఇచ్చిరి, గూఢచారిగా ఆశ్రమమునకు పంపిరి. ఆయన ఫోనుతో పడిన పాట్లకు నవ్వనివారుండరు. మేమును నవ్వితిమి.

అక్కడ ఆయన కనుగొనినది దొంగతనము కాదు. అక్కడి పనివారు తమ పనిని బాగుగానే చేయుచున్నారు. ఆశ్రమమునిండ ఎవరును చూడరాని స్త్రీలు. ఒకామె ఎన్నడో చనిపోయిన తన తల్లి వచ్చి తీసికొనిపోవునని వేచియున్నది. మరియొకామె తన జ్ఞాపకము జారిపోవుచున్నదని తానే కనిపెట్టి భయపడుచున్నది. గూఢచారిగా వచ్చిన వృద్ధుడు పరిశోధన మరచి, వారి చేతులు పట్టుకొని కూర్చుండుట మొదలుపెట్టెను. చివరకు ఆయన పంపిన నివేదికలో ఉన్న దేమనగా, ఇక్కడ నేరమేమియు లేదు, ఇక్కడివారు ఒంటరివారు. ఆ కుమార్తెకు తల్లి సంగతి తెలియవలెనన్న ఆమెయే స్వయముగా వచ్చి చూడవలెను. తల్లిని చూచుటకు పోవుదానికంటె, తల్లిని చూచి రమ్మని మనిషిని కుదుర్చుట ఆమెకు సులభముగా తోచినది. ఆమెను మనము తీర్పు తీర్చుటకు ముందు ఒక మాట: నెలనెల డబ్బు పంపుచు, పనిమనిషిని అడిగి అమ్మ సంగతి తెలిసికొను కుమారులు హైదరాబాదులోను, గల్ఫు దేశములలోను, అమెరికాలోను మన సంఘపు బిడ్డలే యున్నారు. వారిలో అనేకులకు వచ్చుటకు సెలవు దొరకదు, అదియు నిజమే. ఫోను పట్టుకొని పది నిమిషములు అడుగుటకు సెలవు అక్కరలేదు.

ఈ చిత్రములలో మాకు నచ్చని సంగతియు నున్నది, దానిని దాచుట న్యాయము కాదు. చిలీ చిత్రములో ఆశ్రమపు వారికి, వృద్ధాప్యమును గూర్చి చిత్రము తీయుచున్నామని చెప్పిరి గాని, తమ మధ్యకు వచ్చిన వృద్ధుడు గూఢచారియని చెప్పలేదు. ఫలితము మంచిదే కావచ్చును. మార్గము మాత్రము మోసము. కొరియాలో భర్త చనిపోయిన తరువాత, చిత్రము ప్రసిద్ధికెక్కగా, పత్రికలవారును చూడవచ్చినవారును ఆ అవ్వను నెమ్మదిగా ఉండనియ్యలేదు. ఆమె మానాన ఆమెను విడిచిపెట్టుడని దర్శకుడే వేడుకొనవలసి వచ్చెను.

ఇక్కడ నోవహు కుమారులు మనకు జ్ఞాపకము రావలెను. తండ్రి ద్రాక్షారసము త్రాగి గుడారములో వస్త్రహీనుడై పడియుండగా హాము చూచి బయట ఇద్దరు అన్నదమ్ములకు చెప్పెను. షేము యాపెతులు వస్త్రము భుజముల మీద వేసికొని, వెనుకకు నడచిపోయి, ముఖములు త్రిప్పుకొని కప్పిరి. కెమెరా పట్టిన ప్రతివాడును ఈ ముగ్గురిలో ఒకడు. ఈ దినములలో ప్రతి చేతిలోను ఫోనున్నది. నాయనమ్మ మాట తడబడినను, తాతగారు కట్టుపళ్లు జారవిడిచినను, మతిమరుపుచేత కుమారుని పరాయివాడనుకొనినను, దానిని తీసి నవ్వులాటకు పదిమందికి పంపుచున్నారు. హాము గుడారము బయటికి వచ్చి చెప్పినది ఇద్దరికి మాత్రమే! ఫింగరెట్ కన్నీరును లోకమంతయు చూచినది గదా యనవచ్చును. ఆయన దానిని తెలిసి, మనస్సార, తానే మాటలాడి ఇచ్చెను. అడిగి పుచ్చుకొనిన దానికిని, దొంగచాటుగా తీసిన దానికిని మధ్య నోవహు గుడారపు తలుపున్నది.

మన సంఘ చరిత్రకు వత్తము. 1876 మొదలుకొని 1878 వరకు కరవు. ఆ కరవు తరువాత, 1878 జూలై 3వ తేదీన, ఒంగోలుకు సమీపమున వెల్లంపల్లి వద్ద గుండ్లకమ్మ నదిలో ఒక్క దినమున 2,222 మంది బాప్తిస్మము పొందిరి. ఈ లెక్క మన పిల్లలకు సండేస్కూలులో నేర్పుచున్నాము. మిషనెరీ దొరగారి వృత్తాంతము అచ్చులోనున్నది. ఆ నీటిలో దిగిన 2,222 మందిలో, ఆ ఉదయము తన మనస్సులో ఏమి మెదలినదో తన నోటనే చెప్పిన స్త్రీ మాట ఎన్ని పుటలున్నది? వారికి చదువు లేదు, కెమెరా అప్పటికి వారి దరికి రాలేదు. కనుక వారిని తప్పుపట్టువారు లేరు.

నేటి సంగతి వేరు. నాగార్జునసాగరు ఆనకట్టకు 1955లో పునాది వేసి, 1967లో పూర్తిచేసిరి. తలమీద రాళ్లు మోసినవారిలో బ్రదికియున్నవారు ఇప్పుడు ఎనుబది యేండ్ల వారు. 1977 నవంబరు 19న దివిసీమమీద ఉప్పెన వచ్చినప్పుడు పదివేల మందికి పైగా చనిపోయిరి. ఆ రాత్రి చెట్టు పట్టుకొని బ్రదికిన యౌవనస్థులు ఇప్పుడు డెబ్బదికి చేరుచున్నారు. వారిలో కొందరు ఆదివారము మన ప్రక్కనే పాట పాడుచున్నారు. వారి జేబులోని ఫోనే వారిని అడుగుటకు చాలినంత యంత్రము.

కాబట్టి యౌవన సంఘపువారికి కొన్ని మాటలు. చిత్రము తీయబోవు పెద్దతో ముందుగా ఎందుకో, ఎవరికి చూపుదురో చెప్పుడి. వద్దనిన మానుడి. మొదటి దినమున ఫోను తీయకుడి. ఊరక పోయి కూర్చుండుడి, వారు పెట్టినది తినుడి. ముఖమునకు వెలుతురు పడునట్లు కిటికీ ఎదుట కూర్చుండబెట్టుడి, చెవులు సరిగా వినబడనివారైనయెడల ఎదురుగా కూర్చుండి నిదానముగా అడుగుడి. మాకేదైన ఉపదేశము చెప్పుడని అడుగవద్దు. అట్లు అడిగిన వారు బోధకుని ప్రసంగమునే తిరిగి చెప్పుదురు. మీ యింటి బావి ఎక్కడ నుండెను? కూలి ఎంత ఇచ్చిరి? పోయిన బిడ్డ పేరేమి? ఇట్టివి అడుగుడి. మాట ఆగినప్పుడు మరియొక ప్రశ్న వేసి ఆ మౌనమును చెరుపకుడి. వారు ఏడ్చినయెడల ఫోను పట్టుకొననివాడు ఒకడు లేచి ప్రక్కకు పోయి కూర్చుండవలెను. ఇందుకొరకు ఇద్దరు పోవుట మంచిది. తీసినదానిని మొదట వారికే చూపుడి, ఏ భాగము వద్దనిన ఆ భాగమును వారి కన్నుల యెదుటనే తుడిచివేయుడి. ఒక ప్రతిని వారి యింట ఇచ్చి, మరునాడు ఫోను లేకుండ ఒకసారి పోయి రండి.